తుపాకీ లైసెన్సు.. పోలీసు కాదంటే జడ్జి ఏమంటారు?

ఇంగ్లాండ్‌లో తుపాకీ సర్టిఫికెట్ ఇచ్చేది పోలీసే, కాదనేదీ పోలీసే. అయితే ఆఖరి మాట మాత్రం పోలీసుది కాదు. కాదనిపించుకున్న మనిషి 21 రోజుల్లోగా క్రౌన్ కోర్టులో అప్పీలు వేస్తే, జడ్జిగారు ఆ వ్యవహారాన్ని మళ్లీ మొదటి నుంచి విచారిస్తారు. పోలీసు అధికారి కుర్చీలో తానే కూర్చున్నట్టుగా ఇవ్వాలా, వద్దా అని తేలుస్తారు. ఈ హక్కును ఇలాగే ఉంచాలా, కుదించాలా అన్న చర్చ 16 మంది పసిపిల్లల చావు తర్వాత పార్లమెంటు దాకా వెళ్లింది. అయినా హక్కు నిలబడింది. ఎందుకు నిలబడిందో, దాని వల్ల లాభమెవరికో, నష్టమెవరికో తెలుసుకోవాల్సిందే.

"మనకెందుకండీ ఈ తుపాకుల గోల?" అనేవాళ్లే మనలో ఎక్కువ. నిజమే. నా చేతిలో ఉండే గన్ అల్లా సైట్లో కిటికీ అంచులకు పెట్టే సిలికాన్ గన్ ఒక్కటే. కానీ ఈ మధ్య మనవాళ్లు కొందరు పట్నం వదిలి ఊరి చివర ఇళ్లు కొనుక్కుంటున్నారు. ఆఫీసు వాళ్లతో సరదాగా క్లే షూటింగ్‌కు వెళ్లి, ఆ సరదా వదలక క్లబ్బులో చేరేవాళ్లూ ఉన్నారు. అదీకాక ఈ చట్టం తుపాకీతో ఆగదు, మన ఆడపిల్లల హ్యాండ్‌బ్యాగు దాకా వస్తుంది. ఆ సంగతి చివర్లో చెబుతా.

మన దగ్గర కలెక్టరు.. ఇక్కడ చీఫ్ కానిస్టేబుల్

మన జిల్లాల్లో తుపాకీ లైసెన్సు కావాలంటే కలెక్టరాఫీసుకు వెళ్లాలి. హైదరాబాద్ లాంటి చోట పోలీసు కమిషనర్ ఇస్తారు. అక్కడ నడిచేది 1959 నాటి ఆయుధాల చట్టం. ఇంగ్లాండ్, వేల్స్, స్కాట్లాండ్‌లలో నడిచేది 1968 ఫైర్‌ఆర్మ్స్ చట్టం. దరఖాస్తు ఆ ప్రాంతపు పోలీసు పెద్ద, అంటే చీఫ్ కానిస్టేబుల్ పేరు మీద పెట్టుకోవాలి. లండన్‌లో అయితే కమిషనర్. ఉత్తర ఐర్లాండ్ చట్టం వేరు, అక్కడ అప్పీలు వెళ్లే చోటూ వేరు. కాబట్టి ఇక్కడ దాని జోలికి వెళ్లడం లేదు.

సర్టిఫికెట్లు రెండు రకాలు. పిట్టల్ని, మట్టి బిళ్లల్ని కొట్టే షాట్‌గన్‌కు ఒకటి, రైఫిల్ లాంటి వాటికి మరొకటి. రైఫిల్‌కు "సరైన కారణం" చూపించాల్సిన బాధ్యత దరఖాస్తు పెట్టినవాడిదే. క్లబ్బులో సభ్యత్వమో, పొలంలో కుందేళ్ల బెడదో, ఏదో ఒకటి కాగితం మీద ఉండాలి. షాట్‌గన్ విషయంలో చట్టం కాస్త మెతక. ఇతనికి సరైన కారణం లేదు అని పోలీసుకే నమ్మకం కుదిరితే తప్ప కారణం పేరుతో కాదనడానికి లేదు. రెండింటికీ కామన్‌గా ఉన్న షరతు మాత్రం ఒకటే.. ఇతని చేతిలో తుపాకీ ఉంటే జనానికి, శాంతికి ప్రమాదం ఉండకూడదు. ఇంగ్లాండ్, వేల్స్‌లలో 2023 నాటికి షాట్‌గన్ సర్టిఫికెట్లున్నవాళ్లు సుమారు 5 లక్షల మంది. అంటే తుపాకులు లేని దేశమేమీ కాదిది.

మన దగ్గర లైసెన్సు అడిగేవాళ్లలో చాలామంది రాసే కారణం "నాకు ప్రాణహాని ఉంది" అని. సీమలో పుట్టినవాళ్లకు ఈ మాట కొత్తగా చెప్పక్కర్లేదు. ఇక్కడ సరిగ్గా ఆ మాట రాస్తేనే దరఖాస్తు చెడుతుంది. ఆత్మరక్షణ కోసం తుపాకీ అంటే గ్రేట్ బ్రిటన్‌లో సరైన కారణంగా ఒప్పుకోరు. షాపులో దొంగలు పడుతున్నారనో, రాత్రి డ్యూటీ చేసి ఒంటరిగా వస్తున్నాననో రాసి లాభం లేదు.

మా సైట్లో డిగ్గర్ నడిపే ఇంగ్లిషాయన రైతు కుటుంబం నుంచి వచ్చినవాడు. పావురాల్ని కొట్టే షాట్‌గన్ ఒకటుంది. రెన్యువల్ వచ్చినప్పుడల్లా పోలీసు శాఖ నుంచి మనిషి వచ్చి బీరువా గోడకు బోల్టులతో బిగించి ఉందా, తాళం చెవి ఎవరి దగ్గరుంది అని చూస్తాడట. టీ తాగుతూ ఆయన భార్యతోనూ మాట కలుపుతాడట. "వాడు టీ కోసం రాలేదు, మా ఆవిడ మొహం చూడ్డానికి వచ్చాడు" అని నవ్వుతాడాయన. నిజానికి అది నవ్వులాట కాదు. ఇంట్లో గొడవలున్నాయా, తాగుడుందా, మనసు బాగోక మందులు వాడుతున్నారా అన్నవే పోలీసులు ముఖ్యంగా చూసే విషయాలు. 2021 నవంబరు నుంచి అమల్లోకి వచ్చిన నిబంధనల ప్రకారం జీపీ దగ్గర నుంచి ఆరోగ్య సమాచారం రాకుండా సర్టిఫికెట్ ఇవ్వకూడదు.

ఇక్కడ ఒక పాత సంగతి గుర్తుకొస్తుంది. మనల్ని ఏలిన తెల్లదొరలు 1878లోనే మన దేశంలో ఆయుధాల చట్టం పెట్టి, లైసెన్సు లేకుండా తుపాకీ ముట్టుకుంటే నేరమన్నారు. మన్యంలో అల్లూరి సీతారామరాజు దళం 1922 ఆగస్టు 22న చింతపల్లి, 23న కృష్ణదేవిపేట, 24న రాజవొమ్మంగి పోలీసు స్టేషన్ల మీద పడింది తుపాకుల కోసమే. మరి వాళ్ల సొంత దేశంలో? 1870 చట్టం ప్రకారం పోస్టాఫీసులో పది షిల్లింగులు కడితే తుపాకీ లైసెన్సు చేతికొచ్చేది. షాట్‌గన్‌కు పోలీసు సర్టిఫికెట్ కావాలన్న నిబంధన ఇక్కడ వచ్చింది 1968 మే నెలలో! మనకు తొంభై ఏళ్ల ముందే చేదుమందు తాగించి, వాళ్లు మాత్రం తీరిగ్గా పుచ్చుకున్నారన్నమాట.

క్యూబ్ టెస్టు కాదు.. కోర్ టెస్టు

ఇక అసలు విషయానికొద్దాం. పోలీసు కాదంటూ ఉత్తరం పంపాడు. 1968 చట్టం 44వ సెక్షన్ కింద అప్పీలు వేయొచ్చు. స్కాట్లాండ్‌లో అయితే షెరిఫ్ దగ్గర, ఇంగ్లాండ్, వేల్స్‌లలో క్రౌన్ కోర్టులో. ఈ విచారణ కేవలం "సమీక్ష" కాదు, విషయంలోని మంచిచెడ్డల మీద తేల్చాలి అని 1997 సవరణలో స్పష్టంగా రాశారు. పోలీసు నిర్ణయం తీసుకునే నాటికి లేని కొత్త సాక్ష్యాన్ని కూడా కోర్టు చూడొచ్చని అందులోనే ఉంది.

ఈ తేడా సైట్ భాషలో చెబుతా. కాంక్రీటు వేసేటప్పుడు క్యూబ్‌లు పోస్తాం కదా. 28 రోజులకు క్యూబ్ ఫెయిలైందనుకోండి. ల్యాబ్ వాడు పద్ధతి ప్రకారం చేశాడా, మిషన్‌కు కాలిబ్రేషన్ ఉందా, రిజిస్టరు సరిగ్గా రాశాడా అని చూడ్డం ఒక పద్ధతి. అన్నీ సరిగ్గా ఉంటే రిజల్టు అంతే, మనం నోరు మూసుకోవాలి. ఇంకో పద్ధతి ఉంది. ల్యాబ్ రిపోర్టు పక్కన పెట్టి, నేరుగా స్లాబ్‌లోంచి కోర్ తీయించి, అసలు కాంక్రీటు బలమెంతో మళ్లీ కొలవడం. మొదటిది సమీక్ష. రెండోది క్రౌన్ కోర్టు చేసే పని. పోలీసు పద్ధతి ప్రకారమే నడుచుకున్నా సరే, కోర్టుకు వేరేగా అనిపిస్తే సర్టిఫికెట్ ఇవ్వమని చెప్పొచ్చు. అలాగే పోలీసు పద్ధతి తప్పినా, ఆ మనిషి తుపాకీకి తగడని కోర్టుకు తోస్తే అప్పీలు పోయినట్టే.

ఈ విచారణలో జ్యూరీ ఉండదు. జడ్జి, ఆయనతో పాటు సాధారణంగా ఇద్దరు మెజిస్ట్రేట్లు కూర్చుంటారు. ఇదేమీ నేరవిచారణ కాదు, కాబట్టి "అనుమానానికి తావులేకుండా" రుజువు చేయక్కర్లేదు. ఏది ఎక్కువ నమ్మదగ్గదో అటు మొగ్గుతారు. ఇంకో మెలిక కూడా ఉంది. 1970ల నాటి కవనా కేసులో అప్పీలు కోర్టు ఏమందంటే, పోలీసు పెద్ద ఏమేం లెక్కలోకి తీసుకోవచ్చో అవన్నీ క్రౌన్ కోర్టూ తీసుకోవచ్చు, ఒకరు చెప్పగా విన్న మాటలతో సహా! అంటే పక్కింటివాళ్లు పోలీసుకు ఫోన్ చేసి "ఆ ఇంట్లో రోజూ కేకలు వినిపిస్తున్నాయి" అని చెప్పిన కాగితం ముక్క కూడా జడ్జిగారి బల్ల మీదకు రావచ్చు. ఎంత బరువివ్వాలన్నది ఆయనిష్టం.

ఎలాంటివాటికి కాదంటారు? మూడేళ్లు, అంతకు మించి శిక్ష పడ్డవాళ్లకు జీవితాంతం నిషేధం. మూడు నెలల నుంచి మూడేళ్ల లోపు అయితే అయిదేళ్లు. వాళ్లకు దరఖాస్తు దాకా కూడా లేదు. గొడవంతా మిగతావాళ్ల గురించే. 1989 నాటి స్పెన్సర్ స్టీవార్ట్ కేసులో దొంగసొత్తు వ్యవహారంలో శిక్షపడ్డ మనిషి షాట్‌గన్ సర్టిఫికెట్ రద్దు చేస్తే, హైకోర్టు తప్పుపట్టింది. నిజాయితీ లేనివాడైనంత మాత్రాన తుపాకీతో ప్రమాదమని ఎలా అంటారని అడిగింది. రెండేళ్లు తిరక్కుండానే 1991లో జర్మెయిన్ కేసులో తాగి కారు నడిపిన మనిషి సంగతి వచ్చింది. అతను తుపాకీతో ఏమీ చేయలేదు కదా అన్న వాదన నిలబడలేదు. బాధ్యత లేని ప్రవర్తన ఏ రూపంలో ఉన్నా చూడొచ్చన్నారు. శనివారం పార్టీ నుంచి బండి తీసేవాళ్లు ఈ రెండు తీర్పుల మధ్య ఉన్న దూరాన్ని గమనించాలి.

మనవాళ్లకు ఇంకా దగ్గరగా తగిలేది డాబెక్ కేసు. సర్టిఫికెట్ ఉన్నావిడ మీద ఏ మచ్చా లేదు. ఆమె భర్తకు మత్తుమందుల కేసులున్నాయి, అలాంటివాళ్ల రాకపోకలూ ఉన్నాయి. ఆమె సర్టిఫికెట్ రద్దు చేయడం సరైనదేనని కోర్టు చెప్పింది. అంటే మనం ఎలాంటివాళ్లమన్నదే కాదు, మన కప్పు కింద ఎవరున్నారన్నదీ లెక్కే. ఒకే ఇంట్లో అయిదారుగురం గదులు పంచుకుని, మొన్న వచ్చినవాడి ఇంటిపేరు కూడా తెలియకుండా బతికే మనలాంటి ఇళ్లకు సర్టిఫికెట్ ఎందుకు కష్టమో వేరే చెప్పాలా?

డన్‌బ్లేన్ తర్వాత

1996 మార్చి 13న స్కాట్లాండ్‌లోని డన్‌బ్లేన్ ఊళ్లో థామస్ హామిల్టన్ అనేవాడు ప్రైమరీ స్కూల్లోకి చొరబడి 16 మంది చిన్నారులను, వాళ్ల టీచరును కాల్చి చంపాడు. వాడి దగ్గరున్న తుపాకులన్నీ లైసెన్సువే. అంతకు అయిదేళ్ల ముందు, 1991లోనే, ఒక డిటెక్టివ్ సార్జెంట్ ఇతని సర్టిఫికెట్ రద్దు చేయాలని పైవాళ్లకు రాశాడు. పైవాళ్లు చేయలేదు. శిక్షపడ్డ కేసు ఒక్కటీ లేదు, దేని మీద రద్దు చేస్తామనుకున్నారు.

లార్డ్ కలెన్ ఈ ఘోరం మీద విచారణ జరిపి 1996 అక్టోబరులో నివేదిక ఇచ్చారు. అందులో ఒక సూచన మన విషయానికి సంబంధించింది. అప్పీలు పరిధిని కొన్ని కారణాలకే పరిమితం చేసి, పోలీసు పెద్ద విచక్షణ జోలికి కోర్టు వెళ్లకుండా చూడ్డం గురించి ఆలోచించమన్నారు. పోలీసు అనుమానంతో కాదన్నా కోర్టులో ఓడిపోతాననే జంకు ఉంటే, అనుమానం ఉన్నచోట కూడా సంతకం పెట్టేస్తాడు కదా అన్నది దీని వెనకున్న వాదన. పార్లమెంటు పిస్తోళ్ల విషయంలో చాలా కఠినంగా వెళ్లింది. 1997లో రెండు చట్టాలు తెచ్చి దాదాపు అన్ని చేతి తుపాకుల్నీ నిషేధించింది. 2012 లండన్ ఒలింపిక్స్‌లో పిస్తోలు పోటీలు జరపాలంటే ప్రత్యేక అనుమతులు కావాల్సి వచ్చింది. ఆ ఒలింపిక్స్‌లో, వూలిచ్ బ్యారక్స్ రేంజిలో మన హైదరాబాదీ గగన్ నారంగ్ కంచు పతకం కొట్టాడు, అతనిది ఎయిర్ రైఫిల్ అనుకోండి. కానీ అప్పీలు విషయంలో పార్లమెంటు ఆ దారిన పోలేదు. సర్టిఫికెట్ కాదన్నప్పుడు కోర్టు మొదటి నుంచి విచారించాలన్న మాటనే చట్టంలో ఖాయం చేసింది.

అది సరైనదేనా? నాకైతే సరైనదే అనిపిస్తుంది. డన్‌బ్లేన్‌లో పోలీసు చేతులు కోర్టు కట్టేయలేదు, ఆ కేసు కోర్టు దాకా రానేలేదు. 2021 ఆగస్టు 12న ప్లిమత్‌లో జరిగింది చూడండి. జేక్ డేవిసన్ అనే యువకుడు కన్నతల్లిని, మూడేళ్ల పాపను, మరో ముగ్గురిని షాట్‌గన్‌తో చంపి తానూ చచ్చాడు. 2020లో ఇద్దరు పిల్లల్ని కొట్టినందుకు అతని తుపాకీని, సర్టిఫికెట్‌ను పోలీసులు లాక్కున్నారు. కాల్పులకు నెల ముందు, జులైలో, మళ్లీ చేతికిచ్చేశారు. ఏ జడ్జీ ఇవ్వమని చెప్పలేదు. 2023 ఫిబ్రవరిలో ఇంక్వెస్టు జ్యూరీ డెవన్ అండ్ కార్న్‌వాల్ పోలీసుల లైసెన్సు విభాగాన్ని గట్టిగా తప్పుపట్టింది. రెండు చోట్లా లోపం పోలీసు బల్ల మీదే జరిగింది. ఇలాంటప్పుడు పౌరుడి అప్పీలు కుదిస్తే ఒరిగేదేంటి? జంకే అధికారి జంకుతూనే ఉంటాడు, అన్యాయంగా కాదనిపించుకున్నవాడికి మాత్రం దారి మూసుకుపోతుంది. ప్లిమత్‌లో బిడ్డల్ని పోగొట్టుకున్నవాళ్లు ఇది ఒప్పుకోకపోవచ్చు, వాళ్ల బాధ ముందు ఎవరూ వాదించలేరు కూడా.

మన దేశంలో పద్ధతి వేరు. 1959 చట్టం ప్రకారం లైసెన్సు కాదంటే కారణం రాసి పెట్టాలి, అడిగితే చెప్పాలి. ప్రజాప్రయోజనం అడ్డొస్తుందని చెప్పి దాచే వీలూ ఉంది. దరఖాస్తుదారుకు ఆస్తి లేదన్న ఒక్క కారణంతో కాదనకూడదని కూడా చట్టంలో ఉంది, ఇది చాలామందికి తెలియదు. అప్పీలు వెళ్లేది పై అధికారికే కానీ జడ్జికి కాదు. ఆ తర్వాత హైకోర్టులో రిట్ వేయొచ్చు. హైకోర్టు మామూలుగా చూసేది కారణం రాశారా, వినకుండా కొట్టేశారా అన్నదే. తప్పుంటే ఉత్తర్వు రద్దు చేసి "మళ్లీ పరిశీలించండి" అని అదే ఆఫీసుకు పంపుతుంది. ఫైలు తిరిగి పాత బల్ల మీదకే! అలహాబాద్ హైకోర్టు 1993లో ఒక కేసులో ఆయుధం దగ్గరుంచుకోవడం కూడా బతికే హక్కులో భాగమేనంది. తర్వాత అదే హైకోర్టు ఫుల్ బెంచ్ ఆ మాటను ఒప్పుకోలేదు. క్యూబ్, కోర్ అని ఇందాక చెప్పిన తేడా ఇక్కడ కళ్లకు కట్టినట్టు కనిపిస్తుంది.

గెలిచినా జేబుకు చిల్లే

ఇక్కడి పద్ధతి బాగుంది కదా అని తేలిగ్గా దిగే పని కాదు. మొదటిది గడువు. కాదన్న ఉత్తరం చేతికందిన రోజు నుంచి 21 రోజులు. ఇండియాకు వెళ్లి నెల తర్వాత వచ్చి కవరు విప్పితే కష్టం. రెండోది ఖర్చు. లాయరును పెట్టుకుంటే వేల పౌండ్లు కావచ్చు. "గెలిస్తే పోలీసే కడతాడు" అనే భరోసా లేదు. 2015లో వార్విక్‌షైర్ పోలీసుల కేసులో హైకోర్టు ఈ సంగతి తేల్చింది. పోలీసు నిజాయితీగా, సహేతుకంగా నిర్ణయం తీసుకుని ఉంటే, ఓడిపోయినంత మాత్రాన ఎదుటివాడి ఖర్చులు కట్టక్కర్లేదు. మూడోది, క్రౌన్ కోర్టులో ఓడితే హైకోర్టుకు వెళ్లడానికి చట్టపరమైన తప్పు ఉండాలి, "జడ్జికి నా మాట నచ్చలేదు" అంటే చెల్లదు.

దరఖాస్తులో అబద్ధం రాయడం వేరే నేరం. పాత శిక్షలు, ఎప్పుడో కాలం చెల్లినవి కూడా అడుగుతారు. మన దేశంలో పడ్డవీ రాయాల్సిందే. కాదనిపించుకున్నవాడు మళ్లీ దరఖాస్తు పెట్టుకోకూడదని ఎక్కడా లేదు, కాకపోతే ఫీజు మళ్లీ కట్టాలి. 2025 ఫిబ్రవరి నుంచి కొత్త షాట్‌గన్ సర్టిఫికెట్‌కు 194 పౌండ్లు, రైఫిల్ రకానికి 198 పౌండ్లు. అయిదేళ్లకోసారి రెన్యువల్. సరదాగా ఒకరోజు క్లే షూటింగ్ చేయాలనుకునేవాళ్లకు ఈ తలనొప్పేమీ లేదు. పోలీసు అనుమతి ఉన్న మైదానాల్లో, అనుమతించిన వేళల్లో, వాళ్ల తుపాకీతో సర్టిఫికెట్ లేకుండానే కాల్చొచ్చు. నిషేధం ఉన్నవాళ్లు మాత్రం అదీ ముట్టుకోకూడదు.

ఇక హ్యాండ్‌బ్యాగు సంగతి. హైదరాబాద్, విజయవాడల్లో మెడికల్ షాపులో, ఆన్‌లైన్లో కొనుక్కునే పెప్పర్ స్ప్రే అక్కడ మామూలు వస్తువు. కూతురు చదువుకని లండన్ వెళ్తుంటే తల్లి ప్రేమతో బ్యాగులో పెట్టి పంపుతుంది. ఇక్కడ అది 1968 చట్టం 5వ సెక్షన్ కింద నిషేధిత ఆయుధం. తుపాకీకైనా పోలీసు సర్టిఫికెట్ ఉంది కానీ దీనికి లేదు, కాబట్టి కాదన్నారని అప్పీలు వేసే ప్రశ్నే రాదు. గరిష్ఠ శిక్ష పదేళ్ల దాకా ఉంది. అంత వేయకపోవచ్చు, కానీ పోలీసు వార్నింగు రికార్డయినా సరే వీసా ఫారంలో రాసుకోవాల్సి వస్తుంది. కరెంటు షాక్ కొట్టే స్టన్ గన్‌దీ ఇదే దారి. ఇంటి నుంచి ఎవరైనా వస్తున్నారంటే పచ్చళ్ల బరువు ఎంతో అడిగేటప్పుడే ఇదీ అడగండి. రాత్రిపూట ఒంటరిగా వచ్చే పిల్లలకు, మీట నొక్కితే చెవులు చిల్లులు పడేలా మోగే చిన్న అలారం ఇక్కడి షాపుల్లో కొన్ని పౌండ్లకే దొరుకుతుంది. దానికి ఏ సర్టిఫికెట్టూ అక్కర్లేదు.